పిన్ను పళ్లతో లాగొచ్చా? గ్రెనేడ్ మీద మీ ప్రశ్నలు

పోయిన సంచికలో కార్గిల్ యుద్ధంలోని టైగర్ హిల్ పోరు గురించి రాస్తూ, 18 గ్రెనేడియర్స్ పటాలానికి చెందిన యోగేంద్ర సింగ్ యాదవ్ ఒంట్లో తూటాలు దిగినా పాక్కుంటూ వెళ్లి శత్రువు బంకర్‌లోకి గ్రెనేడ్ విసిరాడని ఒక్క వాక్యం రాశాను. మిగతా వ్యాసం మొత్తానికి వచ్చిన ఉత్తరాలకంటే ఆ ఒక్క వాక్యానికి వచ్చినవే ఎక్కువ. సరే, ఈసారి కాలమ్ మొత్తం దానికే ఇచ్చేస్తున్నా. ఒకే సంగతి నలుగురు అడిగితే ఒకటిగా కలిపాను, పేర్లు తీసేసి ఊళ్లు మాత్రం ఉంచాను.

ప్ర: సార్, సినిమాల్లో హీరో గ్రెనేడ్ పిన్నుని పళ్లతో పీకి విసిరేస్తాడు కదా, నిజంగా అలా కుదురుతుందా? (విజయవాడ)

జ: కుదిరితే పన్ను ఊడొస్తుంది, పిన్ను అక్కడే ఉంటుంది. జేబులోనో సంచిలోనో రాపిడికి దానంతటది ఊడిపోకూడదని పిన్ను చివర్లు వంచి ఉంచుతారు. వేలికి రింగు తగిలించుకుని, మెలితిప్పి, గట్టిగా గుంజాలి. ఇంకో సంగతి, పిన్ను తీసినంత మాత్రాన ఏమీ పేలదు. గ్రెనేడ్ పక్కన ఒక లివర్, అంటే మీట, ఉంటుంది, దాన్ని అరచేత్తో నొక్కిపట్టి ఉంచినంతసేపు అది నిద్రపోతున్నట్టే లెక్క. చెయ్యి వదిలాక లివర్ ఎగిరిపోతుంది, లోపల స్ప్రింగు విడుదలై ఫ్యూజ్, అంటే పేలేదాకా కాలే వత్తి, అంటుకుంటుంది, సెకన్ల లెక్క అక్కణ్ణించి మొదలు.

ఇక ఆ భారీ మంటల గోళం, దాని ముందు హీరో గాల్లోకి ఎగరడం, అదంతా పెట్రోలు మహిమ. అసలు గ్రెనేడ్ పేలితే చెవులు చిల్లులు పడే చప్పుడు, దుమ్ము, కాస్త పొగ, అంతే. చంపేది మంట కాదు, చెల్లాచెదురుగా ఎగిరే లోహపు ముక్కలు. అమెరికా వాళ్ల ఎం67 గ్రెనేడ్ 400 గ్రాములు ఉంటుంది, అరకేజీ కూడా కాదు. అది పేలిన చోటు నుంచి 5 మీటర్ల లోపు ఉన్నవాడు బతకడం కష్టం, 15 మీటర్ల లోపు ఉన్నవాడికి గాయాలు ఖాయం, ఒకటీ అరా ముక్కలు 200 మీటర్లు దాటి కూడా పోతాయి. విసిరేది ఎంత దూరం? బాగా విసిరేవాడైతే 35 మీటర్లు. అంటే విసిరినవాడు కూడా వెంటనే ఏదో ఒకదాని చాటుకి పోవాల్సిందే, నిలబడి స్లోమోషన్‌లో వెనక్కి తిరిగి నడిచే ప్రసక్తే లేదు.

ప్ర: గ్రెనేడ్ అనే పేరు ఎక్కడ్నించి వచ్చింది? (వరంగల్)

జ: దానిమ్మపండు నుంచి. ఫ్రెంచివాళ్లు దానిమ్మని గ్రెనాద్ అంటారు. గుండ్రంగా ఉండి లోపల గింజల్లా మందు కూరిన ఇనప గుండుని చూస్తే వాళ్లకి ఆ పండే గుర్తొచ్చింది. ఇందులో మనకి ఇంకో తమాషా ఉంది. మనం దీపావళికి వెలిగించే చిచ్చుబుడ్డిని హిందీవాళ్లు అనార్ అంటారు, అదీ దానిమ్మే! మందుగుండు కూరిన బుడ్డి కనబడితే రెండు దేశాల వాళ్లకీ ఒకే పండు తోచిందన్నమాట. తర్వాత వచ్చినవాళ్లు కూడా పండ్ల బజారు వదల్లేదు, రష్యన్లు తమ ఎఫ్-1 గ్రెనేడ్‌కి లిమోంకా అని నిమ్మకాయ పేరు పెట్టుకున్నారు, అమెరికన్లు తమ పాతదాన్ని అనాసపండు అన్నారు. జర్మన్లది మాత్రం కర్ర పిడి ఉన్న గ్రెనేడ్, దాన్ని బ్రిటిష్ సిపాయిలు ఆలుగడ్డలు మెదిపే కర్ర అని వెక్కిరించేవాళ్లు. మనవాళ్లు చూసి ఉంటే పప్పుగుత్తి అనేవాళ్లేమో.

ప్ర: ఇది ఎప్పటి ఆయుధం? గ్రెనేడియర్స్ రెజిమెంట్ అంటే గ్రెనేడ్లు విసిరేవాళ్లేనా? (తాడేపల్లిగూడెం)

జ: మీది మిలటరీ మాధవరం పక్క ఊరే కదా, ఈ ప్రశ్న మీ దగ్గర్నుంచి రాకపోతే ఆశ్చర్యపోవాలి.

మట్టి కుండలో మండే ద్రవం పోసి శత్రువు మీదకి విసరడం బైజాంటిన్ సామ్రాజ్యంలో వెయ్యేళ్ల కిందటే ఉంది. చైనాలో సోంగ్ రాజుల కాలంలో, 1044లో రాసిన ఒక యుద్ధ గ్రంథంలో తుపాకీ మందు కూరిన బాంబుల వివరాలున్నాయి. కానీ దీన్ని ఒక పద్ధతిగా సైన్యంలోకి తెచ్చింది ఫ్రాన్స్ రాజు 14వ లూయీ. 1667లో తన సొంత రెజిమెంట్‌లో కంపెనీకి నలుగురి చొప్పున గ్రెనేడ్లు విసిరేవాళ్లని పెట్టాడు, వాళ్లే గ్రెనేడియర్లు. ఎవర్ని పెట్టాడంటే పొడుగ్గా, కండ పట్టి, గుండె ధైర్యం ఉన్నవాళ్లని. ఎందుకంటే అప్పటి గ్రెనేడ్‌కి పిన్నూ లేదు లివరూ లేదు, ఇనప గుండు, దానికో వత్తి. వెలిగే తాడుతో ఆ వత్తి అంటించి, శత్రువు కాలుస్తుంటే దగ్గరదాకా నడిచివెళ్లి విసరాలి. సుతిలి బాంబు చేత్తో పట్టుకుని వెలిగించి విసిరే కుర్రాళ్లు మన వీధిలోనూ ఉంటారు, దాన్నే ఎదురుగా తుపాకులు పేలుతుండగా చెయ్యడం ఎలా ఉంటుందో ఊహించుకోండి.

వెడల్పు అంచు టోపీ పెట్టుకుంటే విసిరేటప్పుడు చేతికి తగులుతోందని వాళ్లకి అంచు లేని పొడుగు టోపీలు వచ్చాయి, తర్వాత ఎలుగుబంటి చర్మం టోపీలు. లండన్‌లో రాజుగారి ప్యాలెస్ ముందు నిలబడే గార్డులు ఎండాకాలంలో కూడా ఆ బొచ్చు టోపీ కింద చెమటలు కక్కుతూ కనిపిస్తారే, దాని వెనక కథ ఇదే. వాళ్లలో గ్రెనేడియర్ గార్డ్స్‌కి ఆ పేరు వచ్చింది 1815లో, వాటర్లూలో నెపోలియన్ ఇంపీరియల్ గార్డ్‌లోని గ్రెనేడియర్లని ఓడించినందుకు. నిజానికి వాళ్లు ఓడించింది గ్రెనేడియర్లని కాదు, ఇంకో దళాన్నని చరిత్రకారులు తర్వాత తేల్చారు. అయినా పేరు పేరే కదా, ఇచ్చాక ఎవరు వెనక్కి తీసుకుంటారు.

మన గ్రెనేడియర్స్ మూలం బొంబాయి సైన్యంలో ఉంది. 1779లో మరాఠాలతో తళేగావ్ దగ్గర జరిగిన యుద్ధంలో వేర్వేరు సిపాయి పటాలాల గ్రెనేడియర్ కంపెనీలు కలిసి బాగా నిలబడ్డాయని, అదే ఏడాది నవంబర్‌లో వాటితో ఏకంగా ఒక పటాలం ఏర్పాటుచేశారు. ఇప్పటికీ ఆ రెజిమెంట్‌లో మామూలు జవానుని సిపాయి అనరు, గ్రెనేడియర్ అంటారు. యాదవ్ పేరు ముందు గ్రెనేడియర్ అని రాయడం అందుకే, అది అప్పటి ఆయన ర్యాంకు. 19 ఏళ్లకి పరమవీర చక్ర. ముందు చనిపోయాడనుకుని మరణానంతర అవార్డుగా ప్రకటించారు కూడా, అదే రెజిమెంట్‌లో అదే పేరున్న ఇంకో జవాను ఉండడంతో వచ్చిన పొరపాటది.

ప్ర: తుపాకులు, ఫిరంగులు ఉన్నాక చేత్తో విసిరే బాంబు ఇంకా ఎందుకండీ? (ఖమ్మం)

జ: మంచి ప్రశ్న, సరిగ్గా ఈ ప్రశ్నే 18వ శతాబ్దం మధ్యకి వచ్చేసరికి యూరప్ సైన్యాలు కూడా వేసుకుని గ్రెనేడ్‌ని పక్కన పడేశాయి. మైదానంలో బారులు తీరి కాల్చుకునే యుద్ధంలో పాతిక ముప్పై మీటర్లు విసిరేదానితో పనేముంది? గ్రెనేడియర్ అన్న పేరు మాత్రం గొప్ప పటాలాలకి బిరుదులా మిగిలింది.

అమెరికా అంతర్యుద్ధంలో ఉత్తరాది సైన్యం కెచమ్ గ్రెనేడ్ అని ఒకదాన్ని వాడింది, తోక రెక్కలుండి బాణంలా పోయేది, ముక్కు నేలకి తగిలితేనే పేలుతుంది. 1863లో పోర్ట్ హడ్సన్ కోట దగ్గర అవతలున్న దక్షిణాదివాళ్లు ఏం చేశారంటే, దుప్పట్లు పరిచి పట్టుకుని అవి మెత్తగా పడేలా చూసి, పేలని గ్రెనేడ్లని తీసి తిరిగి వీళ్ల మీదకే విసిరారు. ఆయుధం కనిపెట్టినవాడి మొహం ఎలా ఉండి ఉంటుందో!

మళ్లీ దీని అవసరం తెలిసొచ్చింది 1904-05లో, రష్యా జపాన్ యుద్ధంలో, పోర్ట్ ఆర్థర్ ముట్టడప్పుడు. ఆ తర్వాత మొదటి ప్రపంచ యుద్ధంలో అందరూ కందకాల్లోకి దిగిపోయారు. తూటా తిన్నగా పోతుంది. కందకంలో తల దించుకుని కూర్చున్నవాడిని, మలుపు అవతల నక్కినవాడిని, గోడ వెనక ఉన్నవాడిని తుపాకీ ఏమీ చెయ్యలేదు. గ్రెనేడ్ పైనుంచి వంపు తిరిగి వచ్చి ఒళ్లో పడుతుంది. ఇదే దాని అసలు పని, బలం కాదు, తూటా పోలేని చోటికి పోవడం. టైగర్ హిల్ బంకర్ దగ్గరా అదే జరిగింది.

1914లో బ్రిటిష్ వాళ్ల దగ్గర ఉన్న మార్క్ 1 గ్రెనేడ్‌కి పొడవాటి కర్ర పిడి ఉండేది, దేనికైనా కొట్టుకుంటే పేలే రకం. ఇరుకు కందకంలో నిలబడి విసరడానికి చెయ్యి వెనక్కి తీస్తే అది వెనక గోడకే తగిలేది, ఇక చెప్పేదేముంది. దాంతో సిపాయిలు ఖాళీ జామ్ డబ్బాలతో సొంతంగా బాంబులు చేసుకుని నెట్టుకొచ్చారు, గల్లిపోలీలో ఆస్ట్రేలియా వాళ్లు కూడా అంతే. 1915లో బర్మింగ్‌హామ్‌లో విలియం మిల్స్ అనే ఆయన ఈ పిన్నూ లివరూ ఉన్న పద్ధతిని వాడుకలోకి తెచ్చాడు. ఆయన అంతకుముందు అల్యూమినియంతో గోల్ఫ్ కర్రలు చేసి అమ్మేవాడు! ఆ మిల్స్ బాంబు ఏడు కోట్లకి పైగా తయారైంది. అందులో 36ఎం అనే రకంలో ఎం అంటే మెసొపొటేమియా, అంటే ఇప్పటి ఇరాక్. అక్కడి వేడికీ తేమకీ చెడిపోకుండా దానికి లక్క పూత పూశారు. మన సైన్యం స్వాతంత్ర్యం వచ్చాక కూడా దశాబ్దాల తరబడి వాడింది ఈ 36నే. రిటైరైన ఏ జవానునైనా అడిగి చూడండి, థర్టీ సిక్స్ అనగానే ఆయనకి కథలు మొదలవుతాయి.

ప్ర: పిన్ను తీశాక సరిగ్గా నాలుగు సెకన్లే ఎందుకు? పడిన గ్రెనేడ్‌ని తీసి తిరిగి విసరొచ్చా? (శ్రీకాకుళం)

జ: పిన్ను తీశాక కాదు, లివర్ వదిలాక. ఇంత సేపు చెప్పింది ఒక ఎత్తు, ఈ నాలుగు సెకన్లు ఒక ఎత్తు. నన్నడిగితే గ్రెనేడ్ చరిత్ర అంతా ఈ సెకన్ల కోసం పడిన తంటాలే. తొందరగా పేలితే విసిరినవాడు పోతాడు, ఆలస్యంగా పేలితే అవతలివాడు దాన్ని తీసి మర్యాదగా తిరిగిచ్చేస్తాడు. మిల్స్ గ్రెనేడ్‌కి ఏడు సెకన్ల ఫ్యూజ్ ఉండేది, 1940లో ఫ్రాన్స్‌లో జర్మన్లతో పోరాడేటప్పుడు అది మరీ ఎక్కువని తేలి నాలుగుకి తగ్గించారు.

తిరిగి విసరడానికి వస్తే, లచ్ఛిమన్ గురుంగ్ సంగతి చెప్పాలి. 1945 మే నెల, బర్మాలో టౌంగ్‌డా దగ్గర, 8వ గూర్ఖా రైఫిల్స్ నాలుగో బెటాలియన్. ముందు వరసలో ఆయన గుంట. జపాన్ సైనికులు వచ్చి మీద పడ్డారు. ఒక గ్రెనేడ్ గుంట అంచు మీద పడితే తీసి తిరిగి విసిరాడు. ఇంకోటి లోపలే పడితే దాన్నీ విసిరాడు. మూడోది ఎదురుగా పడింది, దాన్ని కూడా అందుకున్నాడు, అది చేతిలోనే పేలింది. కుడిచేతి వేళ్లు పోయాయి, ముఖం మీద, ఒళ్లంతా గాయాలు. ఆ మనిషి ఎడమ చేత్తో రైఫిల్ నింపుకుని కాలుస్తూ నాలుగు గంటలు అక్కణ్ణించి కదల్లేదు. తెల్లారాక లెక్క చూస్తే ఆ చుట్టుపక్కల పడి ఉన్న 87 శవాల్లో 31 ఆయన గుంట ముందే ఉన్నాయి. బ్రిటిష్ వాళ్ల అతిపెద్ద శౌర్య పతకం విక్టోరియా క్రాస్ ఇచ్చారు. మీ ప్రశ్నకి జవాబు, విసరొచ్చు, రెండుసార్లు కుదిరింది, మూడోసారి కుదరలేదు.

ప్ర: మా సీమలో నాటు బాంబు కూడా గ్రెనేడేనా అన్నా? సినిమాల్లో మమ్మల్ని అదే పనిగా చూపిస్తారు. (కర్నూలు)

జ: చేత్తో విసిరేదే కాబట్టి దూరపు చుట్టం అనుకో తమ్ముడూ, కానీ ఒక పెద్ద తేడా ఉంది. నాటు బాంబుకి పిన్నూ లేదు, ఆగే సెకన్లూ లేవు. తగిలితే పేలుతుంది, ఎవరికి తగిలిందనేది దానికి అనవసరం. అందుకే కక్షల రోజుల్లో బాంబు తగిలి పోయినవాళ్ల కథలతో పాటు, చుడుతూ చుడుతూ చేతులు పోగొట్టుకున్నవాళ్ల కథలు కూడా మీ ఊళ్లలో వినిపిస్తాయి, నాకంటే నీకే బాగా తెలుసు. తగిలితే పేలే రకాన్ని లొంగదీసుకోవడం అమెరికా వల్లే కాలేదు. రెండో ప్రపంచ యుద్ధంలో వాళ్ల గూఢచారి సంస్థ ఓఎస్ఎస్, మా కుర్రాళ్లందరికీ బేస్‌బాల్ విసరడం వచ్చు కదా అని, అచ్చం ఆ బంతి సైజులో తగిలితే పేలే గ్రెనేడ్ ఒకటి చేయించింది. అది పరీక్షల్లోనే ప్రాణం తీసింది, చివరికి ఆ ఆలోచన వదులుకున్నారు. అడవిపందుల కోసం పొలాల్లో పెట్టే నాటు బాంబులు కూడా ఈ జాతివే. వాటిని కొరికి కుక్కలు, పశువులు చచ్చిపోయిన వార్తలు పేపర్లో చూస్తూనే ఉంటాం. సినిమావాళ్ల సంగతంటావా, వాళ్లకి సీమ అంటే సుమోలూ బాంబులే, దానికి నా దగ్గర మందు లేదు.

ప్ర: మన సైన్యం ఇంకా ఆ పాత 36నే వాడుతోందా? (చిత్తూరు)

జ: మారుస్తున్నారు. చండీగఢ్‌లోని డీఆర్‌డీవో ల్యాబ్ మల్టీ మోడ్ గ్రెనేడ్ అని ఒకటి తయారుచేసింది, నాగ్‌పూర్‌లోని ఒక ప్రైవేటు కంపెనీకి 2020లో పది లక్షల గ్రెనేడ్ల ఆర్డరు ఇచ్చారు, సుమారు 409 కోట్లు. మొదటి విడత 2021 ఆగస్టులో సైన్యానికి అందింది.

మల్టీ మోడ్ అంటే ఏమిటో కాస్త చెప్పాలి. గ్రెనేడ్లలో డిఫెన్సివ్, ఆఫెన్సివ్ అని రెండు రకాలు, వినడానికి తిరగేసినట్టు ఉంటుంది కానీ ఎక్కువ ప్రమాదం డిఫెన్సివ్ రకమే. నువ్వు కందకంలో దాక్కుని ఉంటే ముక్కలు ఎంత దూరం ఎగిరినా నీకు భయం లేదు కాబట్టి దళసరి లోహపు తొడుగు ఉన్నది విసురుతావు. అదే ఆరుబయట పరిగెత్తుతూ దాడి చేస్తుంటే ఆ ముక్కలు నీకే తగులుతాయి, అందుకని తొడుగు లేకుండా పేలుడు అదురు మాత్రమే ఉన్నది కావాలి. కొత్తదాంట్లో రెండూ ఒకటే, తొడుగు ఉంచితే ఒక రకం, తీసేస్తే ఇంకో రకం. పాత 36లో ఇంకో ఇబ్బంది, పేలినప్పుడు ముక్కలు సమానంగా రావు, ఒకవైపు పెద్ద పెంకు, ఇంకోవైపు పిండి. దాని మీద గళ్లు గళ్లుగా ఉండే గాట్లు ముక్కలవడానికేనని అందరం అనుకుంటాం, అవి పెట్టింది చెయ్యి జారకుండా పట్టు కోసం.

ప్ర: ఘాటు విషయంలో మా మిర్చిని మించింది లేదు, మరి మిర్చి గ్రెనేడ్ చేశారట కదా, మా గుంటూరు కాయతోనేనా? (గుంటూరు)

జ: అభిమానం అర్థమైంది కానీ కాదండీ, అస్సాం కాయ కొట్టేసింది. 2010లో డీఆర్‌డీవో భూత్ జొలోకియాతో గ్రెనేడ్ చేస్తున్నట్టు చెప్పింది. ఘాటుని కొలిచే స్కోవిల్ లెక్కలో అది పది లక్షలు దాటుతుంది, మన గుంటూరు సన్నం 35 నుంచి 40 వేల దగ్గర ఉంటుంది. పచ్చడికి మనదే, పొగబెట్టడానికి వాళ్లది. ఈ సందర్భంలో ఒక వింత చెప్పాలి. బాష్పవాయువుని యుద్ధంలో వాడకూడదని 1993 రసాయన ఆయుధాల ఒప్పందంలో ఉంది. శత్రు సైనికుడి మీద వాడితే తప్పు. కానీ సొంత ఊళ్లో ధర్నా చేసేవాళ్ల మీద పోలీసులు వాడితే ఆ ఒప్పందం అడ్డు రాదు.

ప్ర: ఆర్‌పీజీ అంటే రాకెట్ ప్రొపెల్డ్ గ్రెనేడే కదా? (హైదరాబాద్)

జ: ఇంగ్లిష్‌వాళ్లు తర్వాత అతికించుకున్న అర్థం అది. అసలు అది రష్యన్ పేరు, చేత్తో పట్టుకుని ట్యాంకుల మీద పేల్చే గ్రెనేడ్ లాంచర్ అని వాళ్ల భాషలో మూడు మాటల మొదటి అక్షరాలు.

ప్ర: ఇప్పుడన్నీ డ్రోన్లే కదా, ఇక గ్రెనేడ్ పని అయిపోయినట్టేనా? (డాలస్)

జ: అయిపోవడం కాదు, దానికి రెక్కలొచ్చాయి. ఇరాక్‌లో మోసుల్ కోసం జరిగిన పోరులో ఐసిస్ వాళ్లు బజార్లో దొరికే డ్రోన్లకి చిన్న గ్రెనేడ్లు తగిలించి వదిలారు. ఉక్రెయిన్‌లో 2022 తర్వాత ఇది రెండువైపులా రోజువారీ పని. ముప్పై మీటర్లు విసరడానికి ప్రాణాలకి తెగించాల్సిన చోట, ఇప్పుడు కిలోమీటర్ల అవతల కూర్చుని స్క్రీన్ చూస్తూ సరిగ్గా గుంటలోకి వదులుతున్నారు. కింద ఉన్నవాడికి తీసి తిరిగి విసిరే అవకాశం కూడా లేదు. ఆ వీడియోలు నేను ఒకటి రెండు చూసి ఆపేశాను.

ప్ర: గ్రెనేడ్ ఎలా తయారుచేస్తారో వివరంగా రాయగలరు. (ఊరు రాయలేదు)

జ: ఊరు ఎందుకు రాయలేదో అర్థమైంది. 1908 నాటి పేలుడు పదార్థాల చట్టం ఇంకా అమల్లోనే ఉంది నాయనా, వచ్చే వారం వేరే ప్రశ్న పంపించు.

ప్ర: మా తాతగారు రెండో ప్రపంచ యుద్ధంలో బర్మా వెళ్లొచ్చారు. ఆయన ట్రంకు పెట్టెలో పాత గుడ్డలో చుట్టి గళ్ల గళ్ల ఇనప గుండు ఒకటి ఉంది, పిన్ను కూడా ఉంది. తుప్పు గీకి షోకేస్‌లో పెట్టుకోవచ్చా? (కాకినాడ)

జ: అమ్మా, ఈ ఉత్తరం చదవగానే నాకు టెన్షన్ వచ్చింది, అందుకే మీకు విడిగా కూడా జాబు రాశాను. గీకకండి. ఎత్తి చూడకండి, ఊపి చూడకండి, పిల్లల్ని ఆ గదిలోకి రానివ్వకండి. అది లోపల ఏమీ లేని శిక్షణ గుండు అయి ఉండొచ్చు, కానీ ఆ సంగతి పైకి చూసి మీరూ నేనూ తేల్చలేం. ఎనభై ఏళ్లయింది కదా, మందు చచ్చిపోయి ఉంటుందిలే అనుకోవద్దు. బెల్జియంలో, ఉత్తర ఫ్రాన్స్‌లో రైతులు దున్నుతుంటే మొదటి ప్రపంచ యుద్ధం నాటి గుండ్లు, గ్రెనేడ్లు ఇప్పటికీ బయటపడుతున్నాయి, పేలుతున్నాయి కూడా. పిన్ను తుప్పు పట్టి సన్నబడి ఉంటే అది ఎప్పుడు విరుగుతుందో ఎవరికి తెలుసు. పెట్టె ఉన్నచోటే ఉంచి, గది తలుపు వేసి, 112కి ఫోన్ చెయ్యండి, బాంబ్ స్క్వాడ్ వాళ్లు వచ్చి చూసుకుంటారు. తాతగారి గుర్తుగా ఆయన మెడల్స్ ఉంటే వాటిని షోకేస్‌లో పెట్టండి. తర్వాత ఏమైందో మాత్రం తప్పకుండా నాకు రాయండి.